తావియా బీటు, అయోకో అత్త తెడ్డు

మా వాడలో తావియాను ఎరగనివాళ్ళు లేరు. ఆవిడ చేసే పనేమిటో ఎరిగినవాళ్ళు మాత్రం నాతో కలిపి నలుగురైదుగురు ఉంటే గొప్ప. "అయోకో అత్త కూతురు లేదూ, చెవులకి డిప్పలు పెట్టుకుని గదిలో కూచుంటుంది, ఆవిడ" అంటారు. కవలల తర్వాత పుట్టింది కాబట్టి తావియా అయింది. మాలో అంతే, ఆ పేరు కోసం ఎవరూ బుర్ర బద్దలు కొట్టుకోరు. ఆ కవల అక్కలిద్దరూ పెళ్ళిళ్ళు చేసుకుని టెమాలో చేపలకు పొగబెట్టి అమ్ముకుంటున్నారు. తావియా జేమ్స్‌టౌన్‌లోనే, తల్లి దగ్గరే ఉండిపోయింది. నలభై దాటాయి. ఆవిడ చేసేది బీట్లు. గొంతు లేని, మాటలు లేని పాటలు.

నా పేరు ఓకాయ్. నామకరణానికైనా పెళ్ళికైనా చావుకైనా మైకులు, స్పీకర్లు అద్దెకిచ్చి, పాటలు పెట్టేది నేనే. ఇప్పుడు ఫోను చేతిలో ఉన్న ప్రతివాడూ తానూ డీజేనే అంటున్నాడు, వాళ్ళ సంగతి తర్వాత మాట్లాడుకుందాం. తావియా గొప్పతనం నాకు ముందే తెలిసిందంటే, అది నా తెలివి కాదు, నా అవసరం. మాటలున్న పాట పెట్టానా, అది పాడినవాడి సొత్తు. అందరూ వాడి బాధే వినాలి, వాడి పిల్ల మీద వాడి మోజే వినాలి. అదే తావియా బీటు పెడితే ఆ పందిరి కింద ఎవరుంటే వాళ్ళది. నామకరణంలో బిడ్డ పేరు చెప్పి తాతల పేర్లన్నీ దాని మీద నడిపించేస్తాను. చావు దగ్గర మేనల్లుడు మైకు పట్టుకుని, మేనమామకు ఎన్నడూ లేని మంచి గుణాలన్నీ దాని మీదే చదువుతాడు. ఇద్దరు గాయకులకు పడకపోతే ఒకే బీటు మీద ఒకరి తర్వాత ఒకరు తిట్టుకుంటారు. జమైకావాళ్ళు పెట్టిన అలవాటు అది, ఒక బీటు కట్టి పదిమంది చేత పాడించడం. మా బూకోమ్ పేటలో ఇంటికో బాక్సరుంటాడు కాబట్టి ఆ పద్ధతి మాకు ఇట్టే నచ్చింది. బరి ఒకటే, దిగేవాళ్ళు వేరు.

తావియా బీటులో కింద జమైకావాళ్ళ డాన్స్‌హాల్ దరువు ఉంటుంది, ఛాతీ మీద చెయ్యి పెట్టి వెనక్కి తోస్తుంది. పైన మా ఆఫ్రోబీట్స్ దరువు ఉంటుంది, నడుం పట్టుకుని మళ్ళీ ముందుకి లాగుతుంది. ఆ రెంటి మధ్యన నిలబడ్డవాడు ఆడక చస్తాడా. కుమాసీలో, లాగోస్‌లో, లండన్‌లో ఆవిడ బీట్ల కోసం చెవి కోసుకునేవాళ్ళున్నారు. పాట బయటికొచ్చాక పేరు మాత్రం పాడినవాడిదే. ఒకసారి టాక్సీలో పోతుంటే రేడియోలో ఆవిడ డ్రమ్ము వినబడింది. "ఇది చేసినావిడ మా అయోకో అత్త కెంకే పొయ్యి వెనకాల గదిలో ఉంటుంది బాబూ" అన్నాను డ్రైవరుతో. వాడు అద్దంలోంచి నన్ను ఎగాదిగా చూసి, "ఔనా పెద్దాయనా, ఈ స్టీరింగు కనిపెట్టింది మా నాన్నే" అన్నాడు. కడుపు మండిపోయింది నాకు. తావియాతో చెబితే నవ్వేసి ఊరుకుంది.

అయోకో అత్త దగ్గర మాత్రం ఆ నవ్వు చెల్లేది కాదు. మా వాడలో కెంకే అంటే అయోకో అత్తదే. తెల్లారకముందే గుండిగ కింద నిప్పు రాజేసి, పులిసిన మొక్కజొన్న పిండిని బారెడు కర్రతెడ్డుతో తిప్పి తిప్పి ఉడకబెట్టి, ముద్దలు చేసి పొత్తులాకుల్లో చుడుతుంది. వేయించిన చేప, నూరిన పచ్చికారం పక్కన పెట్టి ఇస్తే రాజభోజనమే. ఆవిడ దృష్టిలో కూతురు చేసేది పని కాదు. "మాట లేనిది పాటేమిటే? మోత" అనేది. ఎప్పుడు ఆ గది తలుపు ముందునుంచి వెళ్ళినా అదే మాట, మోత. కూతురు తెచ్చే డబ్బు తీసుకునేది గానీ, అదెక్కణ్ణించి వచ్చిందని అడిగేది కాదు.

అత్త తప్పని కూడా నేననను. ఆ తెడ్డు తిప్పీ తిప్పీ ఆవిడ మణికట్లు రెండూ అరిగిపోయాయి. సాయంత్రమయ్యేసరికి నీళ్ళ చెంబు కూడా రెండు చేతులా పట్టుకునేది. మా పూజారులు ఏటిలాగే జొన్న విత్తి, గింజ మొలిచేదాకా నెల్లాళ్ళు ఊరంతా చప్పుళ్ళు మానాలని చాటిన రోజున, నేను అరుగు మీద కూర్చుని కెంకే తింటుండగా, అత్త కూతుర్ని పిలిచి తేల్చేసింది.

"తావియా, నా చేతులు అయిపోయాయే. ఇంక నువ్వు రావాలి. ఆ గది ఖాళీ చేసి మొక్కజొన్న బస్తాలు పెట్టుకుందాం."

"అమ్మా, నా పని మానేసి రమ్మంటావా?"

"ఏం పని? మోతేగా. పందిళ్ళలో ఓకాయ్ చదివించేది వదిలెయ్, ఇన్నేళ్ళలో ఈ వాడలో ఒక్కడు వాడంతట వాడు దానికి నోరు కలిపాడా? ఎక్కడెక్కడి ఊళ్ళవాళ్ళో పాడారంటావు. నేను చూశానా?"

తావియా ముఖం చిన్నబోయింది. అది చూసి అత్త కొంచెం మెత్తబడింది, కానీ మాట వెనక్కి తీసుకునే మనిషి కాదు. "సరే విను. నిషేధం ఎత్తేసే రోజున వాడంతా వీధిలోనే ఉంటుంది కదా. ఆ రోజు నీ మోత మీద ఇక్కడివాళ్ళు ఒక్కరు, ఒక్కరంటే ఒక్కరు, వాళ్ళంతట వాళ్ళు నోరు విప్పి పాడితే గది నీది. లేకపోతే గది మొక్కజొన్నకి, నువ్వు తెడ్డుకి. బతిమాలి పాడించుకుంటే లెక్కలోకి రాదు. ఓకాయ్, నువ్వే సాక్షి. నోట్లో ముద్ద మింగి ఔనను."

నేను మింగి ఔనన్నాను. 

మా నిషేధమంటే ఆషామాషీ కాదు. డప్పు లేదు, బాకా లేదు, చర్చిలో కూడా చప్పట్లు లేవు. విత్తిన గింజ నిద్ర చెడకూడదు. ఎవడైనా స్పీకరు పెట్టాడో, పెద్దల ఇంటి నుంచి మనుషులొచ్చి మోసుకుపోతారు. నా పెట్టెలన్నిటికీ టార్పాలిన్ కప్పి, నేను గోళ్ళు గిల్లుకుంటూ కూర్చుంటాను. ఆ నెల్లో నాతో మాట్లాడొద్దని మా ఆవిడ పిల్లలకు ముందే చెప్పి పెడుతుంది.

తావియా మాత్రం డిప్పలు పెట్టుకుని గదిలో దూరింది. కొన్నాళ్ళకు నన్ను పిలిచి ఆ డిప్పలు నా చెవులకు పెట్టింది. ఏం చెప్పను. డ్రమ్ము మీద డ్రమ్ము, వాటి మీద గిటారు, దాని మీద బాకాలు, ఎక్కడో పిల్లనగ్రోవి లాంటిది కూడా. ఇన్నాళ్ళుగా ఎండిపోయిన చెవి నాది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "ఇంక తిరుగులేదు తల్లీ, లేచి పాడకపోతే ఒక్కొక్కణ్ణీ చెవి పట్టుకుని అడుగుతాను" అన్నాను.

"డిప్పల్లో ఏదైనా బాగానే ఉంటుందన్నా. పెద్ద స్పీకర్లో వినాలి. పైగా జనంలో."

"ఇక్కడ పెడితే నా స్పీకరూ పోతుంది, నీ బీటూ పోతుంది."

"ఇక్కడ కాదు. కసోవా."

కసోవా టోల్ గేటు దాటితే నేల మాది కాదు, వాళ్ళ నిషేధం వేరే నెల్లో. మర్నాడు పట్టపగలే ట్రోట్రో ఎక్కాం. వానుకు ముందటి అద్దం పగిలి ఉంది గానీ వెనకాల స్పీకర్లు మాత్రం కొత్తవి. మా డ్రైవర్లకు ఏది ముఖ్యమో తెలుసు. టికెట్లు కొట్టే కుర్రవాడు సోవా, తలుపు పట్టుకుని వేలాడుతూ దారి పొడుగునా "కసోవా, కసోవా, సోవా సోవా" అని అరుస్తున్నాడు. వాడి పేరూ ఊరి పేరూ కలిసిపోయి వాడికే తెలియదు ఎవర్ని పిలుస్తున్నాడో. నా పక్కన ఒకావిడ టమాటా బుట్ట ఒళ్ళో పెట్టుకుని, ఆ బుట్ట మీదుగా అందరితోనూ మాట్లాడుతోంది.

గేటు దాటగానే తావియా ఫోను అందిస్తే డ్రైవరు పెట్టాడు. వాను మొత్తం నిండిపోయింది ఆ చప్పుడుతో. నేను జనం ముఖాలు చూస్తున్నాను. అందరూ వింటున్నారు. తల ఊపినవాళ్ళూ ఉన్నారు. కానీ పెదవి కదిపినవాడు ఒక్కడు లేడు. సోవా కూడా అరవడం మానేసి, తలుపు పట్టుకుని చూస్తూ నిలబడ్డాడు.

బీటు అయిపోయాక తావియా టమాటాలావిడ్ని అడిగింది. "ఎలా ఉందక్కా?"

"బ్రహ్మాండంగా ఉందమ్మా. ఎవరో గొప్పవాళ్ళ ఊరేగింపు పోతున్నట్టుంది. మనం పక్కకి తప్పుకుని చూడాలి."

"నువ్వు చెప్పు సోవా."

"నిజం చెప్పమంటావా అక్కా? 'కసోవా' అని ఒక్క కేక పెడదామని ఇందాకణ్ణించి చూస్తున్నా. సందు దొరకలేదు. రెండు స్టాపులు పోయినాయి, మా ఓనరుతో నువ్వే చెప్పుకో."

వానంతా నవ్వింది. తావియా నవ్వలేదు. దిగి, ఎండలో, బస్సుల మధ్య నిలబడి, "అయ్యో, ఇన్నాళ్ళూ నోరు కట్టుకున్నాను కదన్నా. ఉపవాసం ఉన్నదాని వంట అయిపోయింది" అంది. అప్పటికి గానీ నాకూ వెలగలేదు. ఆ నెల్లో బీటు కట్టే మావాళ్ళందరూ చేసే తప్పే అది. చుట్టూ చప్పుడు లేదని, ఉన్న ఆకలంతా దాంట్లో కుక్కేస్తాం. విన్న నేను కూడా ఆకలిగా ఉన్నవాణ్ణే, ఇంకేం తప్పు పడతాను.

తిరిగొచ్చి తీసెయ్యడం మొదలుపెట్టింది. నేను చూడలేకపోయాను. బాకాలు పోయాయి. పిల్లనగ్రోవి పోయింది. "గిటారు ఉంచవే తల్లీ, నా కోసం" అని బతిమాలాను. అదీ పోయింది. చేసేవాళ్ళను చాలామందిని చూశాను, కలపడం అందరికీ వచ్చు. కష్టపడి చేసింది, పైగా బాగున్నది, ఇలా చేత్తో తీసి పారేసే గుండె నేను తావియాలోనే చూశాను. చివరికి డిప్పలు ఇస్తే, అడుగున ఒక బరువైన మోగుడు, దాని పైన ఒంటి దెబ్బ, ఆ రెంటికీ మధ్య ఏదో కర్ర చప్పుడు. టక్. టక్ టక్. మిగతాదంతా ఖాళీ.

"ఈ కర్రేమిటి? ఎక్కడో విన్నాను."

"రోజూ వింటూనే ఉన్నావు. అమ్మ."

కిటికీ దగ్గర ఫోను పెట్టి పట్టిందట, తెడ్డు తిప్పుతూ అత్త గుండిగ అంచు మీద తట్టే చప్పుడు. అంటుకున్న పిండి రాలడానికి అలా తడుతుంది ఆవిడ. "ఈ నెలంతా వాడలో మోగిందల్లా ఇదొక్కటే అన్నా. డప్పులు ఆపుతారు గానీ కెంకే ఆపలేరుగా" అంది తావియా.

"బాగానే ఉంది. మరి ఇంత ఖాళీ ఎవరికి?"

"ఎవరికి నోరుంటే వాళ్ళకి."

నిషేధం ఎత్తే రోజు రానే వచ్చింది. నిషేధం ఎత్తాల్సిన గ్బేసే పేట పెద్దాయన మొదటి డప్పు మీద చెయ్యి వేశాడన్న కబురు మా వాడకు ఎవరూ మోసుకు రానక్కర్లేదు. కారు హారన్లు, గిన్నెలు, చర్చి గంటలు, పసిపిల్లల ఏడుపులు, అన్నీ ఒక్కసారే లేచాయి. ముసలివాళ్ళు కూడా ఊరికే అరుస్తున్నారు. నేను టార్పాలిన్ లాగేసి, పెట్టెలు వీధిలో పేర్చి, ఆ హోరు కాస్త తగ్గాక తావియా బీటు పెట్టాను.

మొదట వచ్చింది మా సింహం లార్టే. వాడలో వాడే పెద్ద గాయకుడు. మేఘం పట్టినా నల్లద్దాలు తియ్యడు. మైకు తీసుకుని, కాలితో తాళం వేస్తూ కాసేపు విన్నాడు. తర్వాత అద్దాలు నుదుటి మీదికి ఎత్తి, "ఓకాయ్ అన్నా, ఇది ఇంకా కడుతున్న ఇల్లులా ఉంది. కప్పు వేశాక పిలువు" అని మైకు నా చేతిలో పెట్టి పోయాడు. తర్వాత ఒకమ్మాయి వచ్చి, రెండుసార్లు నోరు తెరిచి, సిగ్గుపడి నవ్వుకుంటూ వెళ్ళిపోయింది. ఇంకెవరూ రాలేదు. ఆడుతున్నారు, ఊగుతున్నారు, కానీ మైకు మాత్రం నా చేతిలోనే ఉంది.

తావియా గది గుమ్మంలో నిలబడి ఉంది, డిప్పలు మెడలో వేసుకుని. ఎవర్నీ అడగకూడదు. అడగలేదు కూడా. ఒకసారి గదిలోకి వెనుతిరిగి చూసింది, బస్తాలు ఎక్కడ పడతాయో చూసుకుంటున్నట్టు. నాకు దుఃఖం వచ్చింది. నేనే పాడేద్దామా అనుకున్నాను, కానీ సాక్షిని. అదీగాక నా గొంతు సంగతి వాడకు తెలుసు, ఉన్నవాళ్ళు కూడా పోతారు.

వీధికి అవతల అయోకో అత్త మాకు వీపు పెట్టి తన గుండిగ తిప్పుకుంటోంది. పండగైనా జనం తినాలి కదా. తిప్పుతోంది, అంచు మీద తడుతోంది. చేతులు నొప్పెట్టాయి కాబోలు, ఆపింది. తట్టడం ఆగలేదు. టక్. టక్ టక్. అత్త తెడ్డు వైపు చూసింది. గుండిగలోకి తొంగి చూసింది. పక్కకు తిరిగి, "ఎవత్తే అది, నా వాడలో నా పక్కన కెంకే పెట్టింది?" అంది. ఎవరూ లేరు. అప్పుడు తల ఎత్తి, ఆ చప్పుడు వెంటే, తెడ్డు చేత్తో పట్టుకుని తిన్నగా నా స్పీకరు దగ్గరికి వచ్చింది. దానికి చెవి ఆనించి వింది. తన చెయ్యి తనకు తెలియకుండా ఉంటుందా.

"ఓకాయ్. నా గుండిగని పెట్టెలో పెట్టింది ఎవర్రా?"

 ఊరికే మైకు ఆవిడ నోటి ముందుకు జరిపాను. అంతకు మించి నేను చేసిందేమీ లేదు, ఎక్కడైనా ప్రమాణం చేస్తాను.

"నిప్పు రాజేసింది నేను" అంది అత్త. ఆ గొంతు వీధి చివరిదాకా వెళ్ళింది. టక్. టక్ టక్. "నీళ్ళు మోసింది నేను." టక్. టక్ టక్. "చేతులరిగింది నాకు, మోగేది ఓకాయ్ పెట్టెకా?"

"నీకే అత్తా, నీకే" అంది వీధి.

ఆ జవాబు తగలగానే ఆవిడ నడుం నిటారైంది. నలభై ఏళ్ళుగా ఆ తట్టు మీదే కేకలు పెట్టిన మనిషి, ఆ ఖాళీలో ఎక్కడ అడుగెయ్యాలో ఆవిడకు ఎవరు నేర్పాలి? కెంకే చిన్నదన్నవాళ్ళను తిట్టింది. చేప తల తనకే కావాలని తగువు పెట్టుకునే భర్తలను తిట్టింది. "సింహమంట సింహం, తినేది ఒక్క కెంకే, కారం నాలుగు గరిటెలు" అంది. "నాలుగు గరిటెలు" అని వీధంతా అందుకుంది. లార్టే పరుగెత్తుకొచ్చి ఇంకో మైకు లాక్కుని, "కెంకే చూస్తే చీమంత, కారం లేందే కనబడదత్తా" అని ఎదురు పాడాడు. ఇందాకటి అమ్మాయి అత్త పక్షాన దిగింది. ఆ తర్వాత ఎవరెవరు పాడారో నాకు గుర్తులేదు. ఆఖరున అత్త, తిట్లన్నీ అయిపోయాక, రోజూ పొద్దున్న కెంకేను మా భాషలో పిలిచి అమ్మే కేక పెట్టింది, "కోమీ, వేడి వేడి కోమీ" అని, సాగదీసి, కళ్ళు మూసుకుని.

కళ్ళు తెరిచేసరికి ఎదురుగా గుమ్మంలో తావియా. అత్తకు అప్పుడు గుర్తొచ్చింది. మైకు నా చేతిలో పెట్టేసి, కొంగు సర్దుకుంది.

"నేను పాడలేదు. తిట్టాను" అంది కూతురుతో.

"ఔనమ్మా" అంది తావియా. 

"అత్తా, సాక్షిగా నేనొక మాట..." అన్నాను.

"నువ్వు నోరు మూసుకో" అని గుండిగ దగ్గరికి వెళ్ళిపోయింది.

ఆ బీటు మీద తర్వాత ఎక్కడెక్కడివాళ్ళో పాడారు. జమైకాలోని కింగ్‌స్టన్ నుంచి కూడా ఒకతను పాడి పంపాడు, ఏమన్నాడో ఒక్క ముక్క అర్థం కాలేదు గానీ, అతనూ ఎవర్నో తిడుతున్నాడని మాత్రం వాడంతా ఒప్పుకుంది. తావియా ఆ బీటుకు పెట్టిన పేరు 'అయోకో'. ఈసారి మాత్రం పేరు పాడినవాళ్ళ వెనకాల దాక్కోలేదు. ఆవిడ పక్కింటివాణ్ణని నేను ఇప్పుడు ఏ టాక్సీ డ్రైవరుతోనైనా చెబుతాను.

కానీ నేను చెప్పాలనుకున్నది ఆ మర్నాటి సంగతి. పొద్దున్నే కెంకే కోసం వెళ్ళాను. తావియా గది తలుపు తీసి ఉంది, బీట్లు కట్టే మెషీను ఎక్కడిదక్కడే ఉంది. మొక్కజొన్న బస్తాలు అత్త గదిలో, ఆవిడ మంచం పక్కన పేర్చి ఉన్నాయి. అత్త పీట మీద కూర్చుని మణికట్లకు నూనె రాసుకుంటోంది. గుండిగ దగ్గర తావియా. ఎవరూ పిలవలేదట, తనే లేచి వచ్చిందట. పొద్దున్న తెడ్డు, ఎండెక్కాక గది, అలా అనుకుందట. రాని చేత్తో గబగబా తిప్పుతోంది, చెమటలు కారుతున్నాయి, తట్టడం అంతా అడ్డదిడ్డంగా ఉంది.

"నెమ్మదే" అంది అత్త, చేతుల మీంచి తల ఎత్తకుండానే. "నీ పాటలో నా తెడ్డు అలా పరిగెత్తలేదు."

తావియా చెయ్యి ఆగిపోయింది. "ఏమన్నావమ్మా?"

"తిప్పవే. అడుగంటుతుంది."